అత్తమ్మ పదహారు

నాకు ముక్కు మీదనే కోపం. ఇప్పుడు ఈ వయసుల జర తగ్గింది గాని, పన్నెండేండ్లప్పుడు నాతోని మాట్లాడాలంటే మా బాపు సుత ఆగి, నా మొఖం చూసి, అప్పుడు నోరు తెరిచేటోడు. అసొంటి నన్ను పట్టుకొని మా మేనత్త ఒకనాడు, "కోడలా, నాకు లెక్కలు చెప్తవా?" అని అడిగింది. ఆమెకు అప్పటికి ముప్పై ఆరో ముప్పై ఏడో ఉంటయి. నేను ఏడో తరగతి. ఆమె సుత ఆ ఏడు ఏడో తరగతి పరీక్షకు కూసోవాలె. తాతకు దగ్గులు నేర్పినట్టే ఉంటది చూడుండ్రి ఈ ముచ్చట.

ఎందుకు కూసోవాల్నో ముందుగాల చెప్తా. మేం అప్పుడు హనుమకొండల, సుబేదారి దిక్కు, రెండర్రల పెంకుటింట్ల ఉండేటోళ్లం. మామ పోయినంక అత్తమ్మ, మా అమ్మ పోయినంక నేనూ బాపూ, ముగ్గురం ఒక్కతాన చేరినం. బాపు మిల్లుకు పోయేటోడు. అత్తమ్మ దగ్గర్లున్న ఆడపిల్లల బడిల ఆయమ్మ. పొద్దుగాల ఊడ్సుడు, కుండలల్ల నీళ్లు నింపుడు, గంట కొట్టుడు ఆమె పని. సాయంత్రం ఇంట్ల కుట్టు మిషన్ ముంగట కూసుంటే మా వాడకట్టుల సగం మంది ఆడోళ్ల రవికలు ఆమె చేతులనే. క్రిస్మస్ వచ్చిందంటే మా గుడికొచ్చే పిల్లలందరి కుచ్చుల ఫ్రాకులు సుత ఆమెయే.

ఆ బడిల కుట్టు నేర్పే టీచర్ బదిలీ అయిపోయి రెండేండ్లు దాటింది. కొత్తామె రాలే. పెద్ద టీచరమ్మ ఏం చేసిందంటే, కుట్టు పీరియడ్ రాంగనే అత్తమ్మను పిలిచేది. అత్తమ్మ చీపురు మూలకు పెట్టి, చేతులు కడుక్కొని, కొంగుతోని తుడుచుకొని పోయి పిల్లలకు కాజాలు, కుచ్చులు, మెడ పట్టీ నేర్పేది. నేనూ ఆ బడే కాబట్టి నేనూ ఆమె దగ్గర నేర్చుకున్నదాన్నే. గంట కాంగనే మళ్ల చీపురు. కుర్చీ ఉండేది గాని ఆమె ఎన్నడూ దాని మీద కూసోలే, నిలవడే నేర్పేది.

ఒకనాడు ఇన్‌స్పెక్షన్‌కు ఒకామె వచ్చింది. మేం కుట్టిన ఫ్రాకులు చూసి మస్తు ఖుషీ అయింది. "ఇంత మంచిగ ఎవరు నేర్పిన్రు?" అని అడిగింది. అత్తమ్మ అక్కడనే ఉన్నది, ఆమెకు మంచినీళ్లు పట్టుకొని. ఆయమ్మతోని పాఠం చెప్పిస్తున్నరని తెలుస్తే పెద్ద టీచరమ్మకు తిప్పలు. "పిల్లలే నేర్చుకున్నరు మేడం" అన్నదామె. అత్తమ్మ గిలాస ఇచ్చి, ఖాళీ అయినంక తీసుకొని పోయింది. నాకు ఒళ్లు మండింది. నా పక్కపిల్ల నా చెయ్యి గట్టిగ పట్టుకోకపోతే లేచి ఏదో ఒకటి అందును.

ఆ పొద్దు ఇంటికొచ్చి అత్తమ్మ ఏడుస్తదేమో అనుకున్న. ఏడ్వలే. మిషన్ ముంగట కూసుండి ఒక రవికకు చెయ్యి కుట్టి, మళ్ల ఆ కుట్టంతా విప్పి, మళ్ల కుట్టింది. తెల్లారి తనే పోయి పెద్ద టీచరమ్మను అడిగింది, కుట్టు టీచర్ కావాల్నంటే ఏం ఉండాలె అని. పెద్ద టీచరమ్మ చెడ్డమనిషేం కాదు. "ఏడో తరగతి పాసై రా, కాయితం నేను పెడ్తా. జూన్ దాక ఆ కుర్చీ ఖాళీగ ఉంచుతా. అటెనుక నా చేతుల లేదు, వేరే ఆమె వస్తది" అన్నది. అంటే ఒక్కటే పరీక్ష. తప్పితే చీపురే, ఎల్లకాలం.

అత్తమ్మ చిన్నప్పుడు ఐదు తరగతులు చదివింది. తెలుగుకు ఫికర్ లేదు, రోజూ బైబిలు చదివే నోరు ఆమెది. సోషల్ రవిక కుడుతనే బట్టీ కొట్టేది. గుణకారాలు, భాగహారాలు సుత రెండు నెలల్ల పట్టేసింది. పీట వేసుకొని కూసున్నది ఒక్కటే, మిశ్రమ భిన్నాల తీసివేత. ఐదూ మూడింట ఒకటిల నుంచి రెండూ ఐదింట మూడు తియ్యి అంటే అక్కడనే ఆగిపోయేది.

విచిత్రం ఏందంటే, గుడ్డ చేతుల ఉంటే ఆ తీసివేతే ఆమెకు లెక్కనే కాదు. అప్పుడప్పుడే బజార్ల గజం కట్టెలు పోయి మీటరు కట్టెలు వస్తానయి. అత్తమ్మ మాత్రం గజం ఇడిచిపెట్టలే. గజానికి పదహారు గిరలు. పావు గజం అంటే నాలుగు గిరలు, అర అంటే ఎనిమిది. ఒకసారి ఒకామె లంగ కుట్టుమని ఐదు గజాల రెండు గిరల గుడ్డ తెచ్చింది. లంగకు పావు తక్కువ మూడు గజాలు పోతది. "ఎంత మిగులుతది, పిల్లకు ఫ్రాక్ వస్తదా?" అని ఆమె అడుగుడు కాలే, "రెండు గజాల ఆరు గిరలు, మంచిగ వస్తది" అని అత్తమ్మ కత్తెర సుత పట్టకముందే చెప్పింది. నేను పలక మీద వేసి చూసేసరికి ఆమె గుడ్డ కొలిచి సగం కోసేసింది. ఎట్ల చేసినవే అని అడిగితే, "అండ్లేమున్నది బిడ్డా, మూడు గజాలు తీసేసిన. పావు ఎక్కువ తీసిన గద, ఆ పావు మళ్ల కలిపిన" అన్నది. మా సార్ ఎన్నడూ చెప్పలే ఈ ఉపాయం! ఇప్పటికీ కూరగాయల కాడ అట్లనే చేస్త.

మరి అసొంటి మనిషి పుస్తకంల లెక్క రాంగనే ఎందుకు తప్పుతాంది? నాకు సమజ్ కాలే. హారాలు సమానం చేసుడు నేర్పిన, నేర్చుకున్నది. ఐదూ మూడింట ఒకటి అంటే ఐదూ పదిహేనింట ఐదు, రెండూ ఐదింట మూడు అంటే రెండూ పదిహేనింట తొమ్మిది. ఆడి దాక మంచిగనే వచ్చేది. ఐదుల నుంచి తొమ్మిది పోదు, పక్కనున్న పూర్ణాంకం నుంచి ఒకటి తెచ్చుకోవాలె. అదీ చేసేది. జవాబు రెండూ పదిహేనింట పదకొండు రావాలె. ఆమెకు ప్రతిసారి పన్నెండు వచ్చేది.

ఒక్కటే ఎక్కువ. ఇంకో లెక్క ఇస్తే ఇంకో తీరుగ తప్పు. పొద్దు గూకేముందు దినాం ఒక గంట కూసునేటోళ్లం, వరండల, మిషన్ పక్కకు. నాలుగోనాడో ఐదోనాడో నా ఓపిక అయిపోయింది. పలక కింద కొట్టి, "నీ నెత్తిల గుజ్జున్నదా మట్టున్నదా? నీకు ఈ జన్మల రాదు, పోయి ఊడ్సుకో!" అన్న.

అన్నంక నాకే నోరు చేదైంది. బాపు అప్పుడే మిల్లు నుంచి వచ్చి గడపల చెప్పులు ఇడుస్తాండు. చెయ్యి ఎత్తుకుంట వచ్చిండు నా మీదికి. అత్తమ్మ మధ్యల లేచింది. "ఆగు తమ్మీ. నా టీచరమ్మను కొట్టకు" అన్నది. పలక తీసి, కొంగుతోని తుడిచి నా ఒళ్లె పెట్టి, "ఇంకొక్కసారి చెప్పు బిడ్డా, నేను యాడ తప్పుతాన్నో నువ్వు నా చెయ్యి చూడు. లెక్క చూడకు" అన్నది.

ఆమె చెయ్యి చూసిన. ఐదుకు ఏం కలుపుతాందో చూసిన. ఇరవై రావాల్సిన కాడ ఇరవై ఒకటి వేస్తాంది.

"గిదెక్కడిదే, ఈ ఇరవై ఒకటి?"

"ఐదు ఉన్నయి గద. ఒకటి విప్పిన. పదహారు వచ్చినయి. ఐదూ పదహారు ఇరవై ఒకటి."

"పదహారెందుకు?"

"ఒకటి విప్పితే పదహారే గద బిడ్డా!"

ఓయమ్మో! అప్పుడు తెలిసింది. పదేండ్ల సంది గజాన్ని విప్పుకుంట కూసున్న మనిషి ఆమె. ఒకటి అంటే ఆమెకు గజమే. కింద మూడుండని, పదిహేనుండని, పన్నెండుండని, ఆమె చెయ్యి పదహారే తెచ్చేది. నాకు నవ్వాగలే. బాపు నవ్విండు, అత్తమ్మ సుత నవ్వింది. నవ్వి, "మరి పదహారు కాకుంటే ఎన్ని?" అని అడిగింది.

కింద ఎంతుంటే అంత అని చెప్పిన. తలూపింది. తెల్లారి మళ్ల పదహారే. నోటికి తెలుసు, చేతికి తెలువది. నేను వందసార్లు "పదహారు కాదు, పదహారు కాదు" అని అరిచిన. అట్ల అరిచి అరిచి ఆ అంకె మా ఇంట్ల ఒక మనిషి లెక్క అయింది. బాపు అన్నం తినుకుంట, "ఏమాయె, పదహారు పోయిండా?" అని అడిగేటోడు. "యాడ పోతడు, తిష్ట వేసిండు" అని నేను.

ఆఖరికి దాన్ని ఎల్లగొట్టింది నేను కాదు, ఆమెనే. ఒక ఆదివారం గుడి నుంచి వచ్చి, ఒక పిల్ల ఫ్రాక్‌కు కుచ్చులు పెడుతాంది. సూదులు నోట్ల పెట్టుకొని, గుడ్డ మలుపుకుంట, ఉన్నట్టుండి ఆగింది. సూదులు తీసి, "కోడలా, ఇటు రా" అని పిలిచింది. చింపిన గుడ్డ పట్టీ ఒకటి ముంగట పరిచింది.

"ఈ పట్టీకి నేను ఎన్ని కుచ్చులు పెడ్తే, మూడు పాళ్లు చేసినా సమానంగ రావాలె, ఐదు పాళ్లు చేసినా సమానంగ రావాలె? పదిహేను. అవునా?"

"అవును."

"ఇప్పుడు ఈ పట్టీ విప్పితే ఎన్ని కుచ్చులు? పదహారా? నేను పెట్టినయే పదిహేనైతే పదహారెట్ల వస్తయే, నా పిచ్చిగాని!"

అని పట్టీ విప్పి, మలిచిన గీతల మీద వేలు పెట్టి ఒక్కొక్క గడి లెక్కవెట్టింది. పదిహేను. మళ్ల లెక్కవెట్టింది. ఇంకో పట్టీ చింపి, ఆరింటికీ నాలుగింటికీ సరిపోయే కుచ్చులు ఎన్నో అడిగి, తనే పన్నెండు అని చెప్పి, పన్నెండు మలిచి, విప్పి లెక్కవెట్టింది. ఆ పొద్దంతా ఫ్రాక్ పక్కకు పోయింది. మిషన్ చుట్టూత పట్టీలే. క.సా.గు. అంటే ఏందో మా సార్ చెప్పంగ నేను బట్టీ కొట్టిన. ఎందుకో నాకు తెలిసింది మాత్రం ఆనాడు, అత్తమ్మ మలిచిన పీలికలు చూసినంకనే. నేనే ఆమెకు టీచరమ్మ అనుకొని మురిసిన గాని, నిజం చెప్తున్న, ఆ ఇంట్ల లెక్కలు తెలిసిన మనిషి ఆమె ఒక్కతే.

అటెనుక ఆమె తప్పలే. మార్చి దాక దినాం ఐదు లెక్కలు, ఐదుకు ఐదు. తీసివేత కాంగనే మిగిలినదానికి తీసేసినది కలిపి, మొదటిది వస్తదా రాదా చూసుకునేది. కోసిన ముక్కలు పక్కపక్కన పెట్టి గుడ్డ తాను సరిపోయిందా అని చూసినట్టే. నాకు ఆ ఓపిక లేకుండె. టకటక చేసి పలక పక్కకు పడేసేదాన్ని.

పరీక్ష మా బడిలనే. నేను పిల్లల వరుసల, ఆమె ఆఖరికి, బయటి నుంచి రాసేటోళ్ల వరుసల. ఆ హాలు ఆ పొద్దున ఆమెనే ఊడ్సింది. ఊడ్సి, ఇంటికి పోయి, తెల్ల చీర కట్టుకొని వచ్చి కూసున్నది. కొందరు పిల్లలు ఎనక్కి తిరిగి చూసి కిసకిస నవ్విన్రు. ఆమె చూడనట్టే పెన్సిలు మొన చేసుకున్నది.

లెక్కల పేపర్ల ఒక పెద్ద లెక్క వచ్చింది. ఒక తానుల ఎనిమిదీ ఆరింట ఒకటి గజాల గుడ్డ ఉన్నది, మూడూ నాలుగింట మూడు గజాలు కోస్తే ఎంత మిగులుతది? అది చూడంగనే నాకు నవ్వొచ్చింది. అత్తమ్మ కోసమే ఇచ్చినట్టున్నది అనుకున్న. టకటక చేసేసిన.

బయటికొచ్చినంక వేపచెట్టు కింద ఆమెను పట్టుకొని మొట్టమొదలు అదే అడిగిన. "గుడ్డ లెక్క ఎంతొచ్చింది?"

"నాలుగూ పన్నెండింట ఐదు" అన్నది.

నాకు నాలుగూ ముప్పావు వచ్చింది. సక్కటి జవాబు. పన్నెండింట ఐదు అనే వికారపు జవాబు ఎవరన్నా పరీక్షల ఇస్తరా? "తప్పు చేసినవు!" అని అరిచిన. "చూడు, నేను చేసి చూపిస్త" అని పుల్ల తీసుకొని మట్టిల రాసిన. ఎనిమిదీ పన్నెండింట రెండు. మూడూ పన్నెండింట తొమ్మిది. రెండుల నుంచి తొమ్మిది పోదు, ఒకటి తెచ్చుకుంటే పద్దెనిమిది, పద్దెనిమిదిల తొమ్మిది పోతే తొమ్మిది. పన్నెండింట తొమ్మిది అంటే ముప్పావు. నాలుగూ ముప్పావు. "మళ్ల ఏదో చేసినవు నువ్వు, ఇంత చెప్పినంక సుత!"

అత్తమ్మ వంగి ఆ మట్టిల రాసింది చూసింది. చానసేపే చూసింది. నా మొఖం చూసింది. అటెనుక చీర కుచ్చిళ్లు ఎత్తి పట్టుకొని, కాలితోని ఆ అంకెలన్నీ చెరిపేసింది. "పోనీ తియ్యి బిడ్డా. అయిందేదో అయింది. రేపటి పరీక్షకు చదువుకో" అన్నది.

నేను ఊకున్ననా? ఇంటికి పోయి బాపుకు చెప్పిన. వాడకట్టుల చెప్పిన. పెద్ద లెక్క తప్పింది, ఇక అత్తమ్మ పాస్ కాదు అని కండ్లు తుడుచుకుంట చెప్పిన. బాపు ఆమె దగ్గర కూసుండి, "పోనీ అక్కా, ఉన్న పనైతే యాడికీ పోదు" అన్నడు. ఇంకొకామె రవిక కొలత ఇయ్యొచ్చి, "ఈ వయసుల నీకు ఎందుకీ పరేషాన్" అన్నది. అందరి మాటలూ విన్నది. అన్నీ కడుపుల పెట్టుకున్నది. ఎండాకాలమంతా బడి తోముడు, సున్నం వేసుడు. నేను జాలిపడి ఆమె చేతుల నుంచి చీపురు గుంజుకుంటే, "నాకేమైందే" అని నవ్వేది.

మే ఆఖర్ల ఫలితాలొచ్చినయి. ఇద్దరం పాస్. లెక్కలల్ల ఆమెకు నాకంటే ఎక్కువ మార్కులు!

నవ్విన నాపచేనే పండుతదంటరు. జూన్ల బడి తెరిచిననాడు పెద్ద టీచరమ్మ రిజిస్టర్ తీసి ముంగట పెట్టింది. అత్తమ్మ నిలవడే సంతకం పెట్టబోతే, "కూసోని పెట్టండి" అన్నది. మొట్టమొదటిసారి అత్తమ్మకు ఆ నోట "అండి" వచ్చింది. మొదటి పీరియడ్ల మా వరుస పిల్లలు అలవాటు మీద "ఆయమ్మా" అని, నాలుక కరుచుకొని, "టీచర్" అన్నరు. నేను ఎంత గట్టిగ "టీచర్" అన్ననో నాకే సిగ్గైంది.

ఇంటికొచ్చినంక మాత్రం నాకు నిద్ర లేచినట్టైంది. పెద్ద లెక్క తప్పినామెకు నాకంటే మార్కులు ఎట్లెక్కువ వచ్చినయి? ట్రంకు పెట్టెల దాచిన ప్రశ్నాపత్రం తీసి, పలక మీద మళ్ల చేసిన. ఈసారి మెల్లగ. ఎనిమిదీ పన్నెండింట రెండు. ఒకటి తెచ్చుకుంటే పన్నెండు. పన్నెండూ రెండు పద్నాలుగు. పద్నాలుగుల తొమ్మిది పోతే ఐదు.

నాలుగూ పన్నెండింట ఐదు.

మరి ఆనాడు నాకు పద్దెనిమిది ఎట్లొచ్చింది? రెండుకు ఎంత కలిపితే పద్దెనిమిది? పదహారు. లెక్కల గజం అన్న మాట చూసి, నా చెయ్యి పోయి పదహారు తెచ్చింది. వందసార్లు "పదహారు కాదు" అని అరిచిన నా చెయ్యి.

పలక పట్టుకొని వరండలకు పోయిన. అత్తమ్మ మిషన్ ముంగట కూసుండి, మెడల టేపు వేసుకొని, రవికకు కాజా కుడుతాంది.

"అత్తమ్మా, ఆనాడు చెట్టు కింద నాది తప్పని నీకు ఎరికేనా?"

దారం పండ్లతోని తెంపింది. "ఎరికే. హాల్లనే అంగుళాలతోని సుత కొలిచి చూసుకున్న. నాలుగు గజాల పదిహేను అంగుళాలు. గజానికి ముప్పై ఆరు, అండ్ల పదిహేను, అంటే పన్నెండింట ఐదే. తప్పుడుకు జాగ లేదు."

"మరి ఎందుకు చెప్పలే? అందరి ముంగట నీది తప్పని నేను చాటింపు వేస్తే ఎందుకు ఊకున్నవు?"

"నీకు ఇంకా రెండు పరీక్షలుండె. గుండె చెదిరితే ఎట్ల రాస్తవు?"

"అవి అయినంక?"

అత్తమ్మ నా చేతుల నుంచి పలక తీసుకొని, ఆ పద్నాలుగు మీద వేలు పెట్టి చూసుకున్నది. "అయినంక ఏమని చెప్పుదు బిడ్డా? మట్టిల నువ్వు పద్దెనిమిది వెయ్యంగనే గుర్తుపట్టిన. ఆ పదహారు నాదే గద. నా దగ్గర కూసునే అంటించుకున్నవు."

నేను ఆమె ఒళ్లె మొఖం పెట్టి ఏడ్చిన. రవికల ఉన్న సూది గుచ్చుకుంటదని ఆమె దాన్ని తీసి పక్కకు పెట్టింది.